నాను నేను

నేనుమార్గం అనే ఈ మహాదర్శనం ఎలా పుట్టిందో చెప్పగలిగిన మనిషిని నేనొక్కదాన్నే. దాన్ని పుట్టించింది నేనే మరి. విద్యాసాగర్ ఇండస్ట్రియల్ పార్క్‌కి వెళ్లే కంపెనీ బస్సు ఇరవై నిమిషాలు ఆలస్యమైన రోజున, రోడ్డు పక్కన నిలబడి, ఫోన్లో, బొటనవేలితో పుట్టించాను.

మాది ఖరగ్‌పూర్ ఓల్డ్ సెటిల్‌మెంట్. మా ముత్తాత శ్రీకాకుళం వైపు నుంచి రైల్వే వర్క్‌షాపులో సుత్తి పట్టడానికి వచ్చాడు. సుత్తి తాతకిచ్చాడు, తాత నాన్నకిచ్చాడు. సుత్తితోపాటు భాషనీ ఇచ్చారు. గడప దాటితే బెంగాలీ, హిందీ. ఇంట్లో మాత్రం ముత్తాత మూటకట్టి తెచ్చిన తెలుగే. ఆ తెలుగులో 'నేను' అనరు, 'నాను' అంటారు. బడిలో తెలుగు టీచరు ఇందుకోసం నా వేళ్ల మీద స్కేలు విరగ్గొట్టింది. "నాను కాదే, నేను! పుస్తకంలో ఎలా ఉందో అలా అను" అంది. సరేనని ఇంటికొచ్చి అలాగే అన్నాను. మా నానమ్మ పోలమ్మ నా నుదుటి మీద చెయ్యి పెట్టి జ్వరమేమో అని చూసింది. ఎందుకంటే మా ఇంట్లో 'లేదు' అనడానికి 'నేదు' అంటారు. 'రాలేను' అనడానికి 'రానేను' అంటారు. 'లేను' అనాలంటే 'నేను' అంటారు. మనవరాలు ఎదురుగా కూర్చుని "లేను, లేను" అంటూంటే ఏ ముసలమ్మకైనా కంగారుగానే ఉంటుంది.

ఈ రెండు తెలుగులనీ రెండు చెవుల్లో పెట్టుకుని పెరిగాను. ఇంటి చెవి ఒకటి, బడి చెవి ఒకటి. ఉద్యోగం వచ్చి, కంపెనీలో నాణ్యత పరీక్షించే సెక్షన్లో కూర్చున్నాక కూడా ఆ రెండూ అలాగే ఉన్నాయి.

ఒక ఆదివారం పక్క వరసలో ఉండే కృపమ్మ మా ఇడ్లీ పాత్ర అడగడానికి వచ్చింది. ఆవిడ పట్టుకెళ్లిన పాత్రలు సొంత ఇల్లు మరిచిపోతాయి. నానమ్మ గబగబా తలుపు గడియ పెట్టి లోపలి నుంచే కేకేసింది.

"నాను ఇంట్లో నేను! సాయంత్రం రా!"

"మరి మాటాడతన్నదెవులే?" అంది కృపమ్మ బయట నుంచి.

"ఎవులూ నేరు!"

కృపమ్మ కాసేపు నిలబడి, ఈ సమాధానంలో లోపం ఎక్కడుందో తేల్చుకోలేక వెళ్లిపోయింది. నేను వంటగదిలో చున్నీ నోట్లో కుక్కుకుని నవ్వాను. నానమ్మ అన్నది 'నేను ఇంట్లో లేను' అని. కానీ నా బడి చెవికి ఇంకోలా వినబడింది. నాను, నేను. ఒక తెలుగులో ఉన్నానని చెప్పే మాటే ఇంకో తెలుగులో లేనని చెబుతోంది.

అప్పటికి నేను ఒక ఫోన్ యాప్‌లో 'తేలుదీవులు' అనే సీరియల్ రాస్తున్నాను. అడుగు లేని సముద్రం, దాని మీద తేలే దీవులు, వాటి మీద రాజులు, మంత్రగత్తెలు. పాఠకులు నలభై ఒక్కమంది. అందులో సగం మంది తేళ్లు ఎప్పుడొస్తాయని అడిగేవాళ్లు. మర్నాడు బస్సు ఆలస్యమైంది కదా, ఆ దీవుల్లో ఒకదాని మీద బోలుమునులు అనే వాళ్లను కూర్చోబెట్టాను. వాళ్ల దీవి నడుమ అడుగు లేని బావి ఉంటుంది. రోజూ పొద్దున్నే మునులు దాని చుట్టూ నిలబడి "నేను!" అని అరుస్తారు. బావి కూడా "నేను!" అంటుంది. వీళ్లు అరిచింది ఉన్నానని, బావి జవాబిచ్చింది లేనని. రెండూ ఒకటే మాట కాబట్టి ఉన్నవాడికీ లేనివాడికీ తేడా పట్టుకోవడం ఎవరివల్లా కాదు. మనిషి అంటే శూన్యం ఊపిరి పీల్చుకోవడానికి తెచ్చుకున్న ముక్కు మాత్రమే. ఇదీ వాళ్ల సిద్ధాంతం.

ముక్తికి ఏడు గడపలు పెట్టాను. మొదటి గడప దగ్గర పేరును చెప్పుల్లా బయట విడిచి రావాలి. మూడో గడప దగ్గర తమ మాటల్ని తామే వినాలి: కోపం వచ్చింది, నిద్ర వచ్చింది, జ్వరం వచ్చింది. వచ్చేవి వస్తున్నాయి, చేసేవాడెవడూ కనబడడు. నాలుగో గడప దగ్గర క్రియాపదం తోక చూడాలి. 'రాసినాను' అంటే చాలు, ముందు 'నాను' అక్కర్లేదు, అది తోకలో ఎక్కడో నక్కి ఉంటుంది. ఇలా ఆరు గడపలు రాశాను. ఏడోది ఏం చేసినా తోచలేదు. దాన్ని మునులు రహస్యంగా ఉంచారని రాసి ఊరుకున్నాను. తోచనప్పుడు రచయితలు చేసే పనే అది.

నలభై రెండో పాఠకుడు మా పెదనాన్న గిరిబాబు. వర్క్‌షాపులో మేస్త్రిగా రిటైరై రెండేళ్లయింది. ఊళ్లోనే ఇంద అనే పేటలో సొంత ఇల్లు కట్టుకున్నాడు. నలభయ్యేళ్లు ఆయన దగ్గితే పాతికమంది తలెత్తి చూసేవాళ్లు. రిటైరయ్యాక ఆయన దగ్గితే పెద్దమ్మ మందు సీసా చూపించేది. ఆ కష్టంలో ఉండగా ఎవరో నా సీరియల్ సంగతి చెప్పారు. రెండు రోజుల్లో మొత్తం చదివేశాడు. మూడో ఆదివారానికల్లా మా తెలుగు సంఘం గదిలో తెల్ల పంచెతో ప్రత్యక్షమయ్యాడు.

"మా తాత పాలకొండ కొండల్లో ఒక సాదువు కాడ విన్న మార్గమిది" అని మొదలుపెట్టాడు. నేను మూడో వరసలో కూర్చుని ఉన్నాను. ఆ తాత కొండెక్కడం మాట దేవుడెరుగు, వర్క్‌షాపు మెట్లెక్కడానికే ఆయాసపడేవాడని మా ఇంట్లో అందరికీ తెలుసు.

"కోపం ఒచ్చింది అంతాం. నిద్రొచ్చింది అంతాం. జొరం ఒచ్చింది అంతాం. అన్నీ ఒచ్చీవే, ఎల్లీవే. మరి నువ్వేటి? ప్లాట్‌ఫారానివి! బళ్లు ఒస్తాయి, ఎల్తాయి. ప్లాట్‌ఫారం ఎక్కడికైనా ఎల్లినట్టు సూసినావా?"

జనం కదిలిపోయారు. ప్లాట్‌ఫారం ముక్క ఆయన సొంతం, మిగతాదంతా నాది. ఆ ముక్క బాగుందని ఒప్పుకోవాలి. నాకు తట్టనందుకు కుళ్లుకున్నాను కూడా.

దానికి నేనుమార్గం అని పేరు పడింది, శిష్యులు తయారయ్యారు. అందరికన్నా ముఖ్యుడు తిమోతి. గూడ్సు బళ్లకు గార్డుగా పనిచేసి రిటైరైనవాడు. పొద్దున చర్చికి, సాయంత్రం శూన్యానికి వచ్చేవాడు. పెదనాన్న మాట్లాడిన ప్రతిదాన్నీ ఫోన్లో వీడియో తీసి యూట్యూబ్‌లో పెట్టేవాడు. ఇంకో శిష్యుడు రేషన్ దుకాణం వరసలో ముందుకు దూరి, తోసింది తాను కాదని, అసలు తానే లేనని వాదించాడు. వెనకున్న బెంగాలీ పెద్దాయన ఒకరు గొడుగుతో రెండు వేసి ఇతను ఉన్నాడని రుజువు చేశాడు. శిష్యుడు దాన్ని కూడా ప్లాట్‌ఫారం మీదికి బండి రావడం కిందే జమకట్టుకున్నాడు.

పెదనాన్నకు మాత్రం 'నేను' లేకపోవడం బాగా ఒంటబట్టింది. కుర్చీలన్నిట్లో దిండున్న కుర్చీ ఆయనది. టీ మొదటి గ్లాసు ఆయనది. వెనక గోడ మీద కట్టిన బేనరులో శూన్యం అనే మాట వేలెడంత, గిరిబాబు అనే మాట మూరెడంత.

ఇదంతా నవ్వుకుని ఊరుకునేదాన్నే. కానీ ఆ నెలలో విజయవాడ నుంచి ఫోనొచ్చింది. చిన్న ప్రచురణ సంస్థ నడిపే మీనాకుమారిగారు. 'తేలుదీవులు' పుస్తకంగా వేస్తామన్నారు. కంపెనీ బాత్రూంలోకి వెళ్లి గడియ పెట్టుకుని ఏడ్చాను. రోజంతా ఎవరో తయారుచేసిన వస్తువుల మీద 'సరిగ్గా ఉంది' అని ముద్ర కొట్టడమే నా ఉద్యోగం. నేను తయారుచేసినదాన్ని చూసి సరిగ్గా ఉందని ఎవరైనా అనడం అదే మొదటిసారి.

పది రోజుల తర్వాత ఆవిడే మళ్లీ చేశారు. గొంతు మారిపోయింది.

"కిరణ్మయిగారూ, యూట్యూబ్‌లో మీ ఊరి గిరిబాబుగారి ప్రసంగాలు చూశాను. మీ నవలలో ఉన్నదంతా ఉంది. తరతరాలుగా వస్తోందని ఆయన అంటున్నారు. అది మీ కల్పన అని మీరు రాశారు. ఒకరిది ఎత్తి రాసిన పుస్తకం నేను వెయ్యలేను. ఇందులో తన పాత్ర ఏమీ లేదని ఆయన చేత ఒక్క వాక్యం రాయించి పంపండి. నెలాఖరు దాటితే ఈ ఏడాదికి ఇక కుదరదు."

వచ్చే ఏడాది ఆవిడకు నేను గుర్తుంటానన్న నమ్మకం నాకు లేదు. ఆదివారం నేరుగా సంఘం గదికి వెళ్లి అందరి ముందూ నిలబడ్డాను.

"పెదనాన్నా, ఇదంతా నాను రాసినాను. ఆ మాట అందరికీ సెప్పు."

"ఏటి రాసినావు తల్లీ?"

"బోలుమునులు, బావి, గడపలు, అంతా నానే రాసినాను."

ఆయన జాలిగా నవ్వి జనం వైపు తిరిగాడు. "రాసినాను అంతంది. ఆ మాటలో నాను ఎక్కడుంది? తోకలో ఉంది. తోకలో నక్కినదాన్ని పట్టుకుని ఊరేగుతావేటమ్మా?"

చప్పట్లు. నాలుగో గడప! నా చెప్పుతో నన్నే కొట్టాడు.

"మరి బేనరు మీద నీ పేరెందుకు?"

"స్టేషన్‌కి బోర్డుంటాది. అది స్టేషన్ కోసమేటి? దిగీవోడి కోసం."

మళ్లీ చప్పట్లు. తిమోతి కళ్లు తుడుచుకుని, ఫోను ఇంకాస్త దగ్గరగా పెట్టి నా మొహం వీడియో తీశాడు. ఇంటికొచ్చి గిన్నెలు విసిరాను. నానమ్మ ఒక్కొక్కటీ ఏరుకుంటూ సంగతంతా విన్నది.

"ఆడు సిన్నప్పుడూ అంతే" అంది. "తమ్ముడు గాలిపటం సేస్తే, దారం అట్టుకున్నోడిదే పటం అనీవోడు."

వారం తిరక్కుండా పెదనాన్నే స్కూటరు మీద వచ్చాడు. వెనక తిమోతి, చేతిలో రసగుల్లాల డబ్బా. ఆరు గడపలూ అయిపోయాయి. శిష్యులు ఏడోది అడుగుతున్నారు. పాలకొండ తాత అది చెప్పకుండానే పోయినట్టున్నాడు.

"ఏడో గడప కావాలంతే కాయితం రాసియ్యి" అన్నాను.

రెండు గ్లాసుల టీ తాగే దాకా ఆలోచించాడు. లేనివాడు బేరమాడడం నేను మొదటిసారి చూశాను. ముందు గడప, తర్వాతే కాగితం అన్నాడు. అప్పటికి నాకు విసుగెత్తిపోయింది. ఆ విసుగులోంచే ఏడో గడప వచ్చింది. "ఏడో గడపకాడ మునులు అరవడం మానేస్తారు. గొంతులు నొప్పెట్టి ఎవులింటికాళ్లు ఎల్లి అన్నం ఒండుకుంతారు" అన్నాను.

"ఇంతేనా?"

"ఇంతే."

ఆయన మొహం చిన్నబోయింది. అయినా మాట తప్పలేదు. కళ్లజోడు పెట్టుకుని కాగితం అందుకున్నాడు. ఆయన పదో తరగతి చదివినవాడు. మామూలుగా అయితే 'ఇందులో నేను లేను' అని చక్కగా పుస్తకాల తెలుగులో రాసి ఉండేవాడు. అక్కడ తిమోతి అడ్డుపడ్డాడు.

"మేస్త్రిగారూ, మన యాసలో రాయండి. యాసకే ఇప్పుడు ఇలువ. ఈడియోల్లో యాసకే లైకులు."

పెదనాన్నకు నచ్చింది. గుండ్రని అక్షరాలతో ఇలా రాశాడు:

'తేలుదీవులు అను గ్రంథం సంగతి. ఇందుల నాను నేను. ఇట్లు, గిరిబాబు, రిటైర్డ్ మేస్త్రి.'

ఈ వ్యవహారం మొత్తంలో ఆయన రాసిన నిజమైన వాక్యం ఇదొక్కటే. నేను మూడుసార్లు చదువుకుని, ఫొటో తీసి విజయవాడకు పంపించాను. ఆ రెండు మాటల మీద ఒక మతాన్నే కట్టినదాన్ని, అయినా నాకు ఏ అనుమానమూ రాలేదు. సంతోషంలో బడి చెవి మూసుకుపోయింది.

మూడో రోజు సాయంత్రం కుళాయి దగ్గర నీళ్లు పడుతుండగా మీనాకుమారిగారు ఫోన్ చేశారు. నా చేతులు తడిగా ఉన్నాయని నానమ్మే ఫోన్ పట్టుకుని స్పీకరు నొక్కింది.

"ఆయన స్పష్టంగా ఒప్పుకున్నారండీ" అన్నారావిడ. "ఇందులో 'నాను' అంటే నేను, అని రాశారు. మూలపురుషుడు తానేనని చెప్పకనే చెప్పారు. మనం అట్ట మీద 'ప్రవచనం: గిరిబాబు, అక్షరీకరణ: కిరణ్మయి' అని వేద్దాం. అందరికీ గౌరవంగా ఉంటుంది."

బకెట్ నిండి పొర్లిపోతోంది.

"అది కాదండీ. మా ఇళ్లల్లో నేను అంటే లేను అని అర్థం."

"మరి మీరు మెయిల్లో 'నేను రాశాను' అన్నారు?"

"అక్కడ నేను అంటే నేనేనండీ."

"ఇక్కడ?"

"ఇక్కడ నేను అంటే లేను."

"ఎవరు లేరు? మీరా?"

"పెదనాన్న లేడు. నేనున్నాను."

"నేనున్నాను అంటే... మీ లెక్కన లేనున్నాను అనా?"

ఏ బోలుముని కూడా నన్ను ఇంతలా నిలబెట్టి అడగలేదు. నేను రాసిన బావిలో నేనే పడి కొట్టుకుంటున్నాను. చేతికందిన పుస్తకం పోతోంది, అదీ నా సొంత చమత్కారం వల్ల. ఏడుపొచ్చేసింది. ఫోన్ పట్టుకున్న నానమ్మ దాన్ని నోటి దగ్గరకు తెచ్చుకుంది.

"ఎవులే తల్లీ నువ్వు? గిరిగాడు నా కడుపున పుట్టినోడే. ఆడు కతలు రాయనేడు. సెలవు అర్జీ కూడా తమ్ముడి సేత రాయించీవోడు. రాసినది నా మనవరాలు. బస్సుకాడ రాసింది, కుళాయికాడ రాసింది, పప్పు మాడబెట్టి రాసింది. నాను సూసినాను."

"అమ్మా, 'రాయనేడు' అంటే?"

"రాయనేడు! ఆడికి సేత కాదు."

"మరి మీరు రాయగలరా అమ్మా?"

"నానా? నానూ రాయనేను. నాకు సదువేదీ?"

అవతల మీనాకుమారిగారు పడీ పడీ నవ్వారు. "రాయలేను! అర్థమైంది. ఇందులో నాను నేను. ఇందులో నేను లేను. అయ్యో, ఆయన నిజమే రాశారు!" అని మళ్లీ నవ్వి, నన్ను పిలిచారు. "అట్ట మీద మీ పేరొక్కటే ఉంటుంది. ఒక్క సంగతి చెప్పండి. ఇంత మంచి మాట మీకెలా తట్టింది?"

తట్టింది అనేసి ఉంటే సరిపోయేది. ఆవిడకు రాసిన మొదటి మెయిల్లో ఆ పని చేసే ఉన్నాను. 'ఈ దర్శనం నా పదేళ్ల అంతర్మథనం నుంచి పుట్టింది' అని రాసుకున్నాను. నానమ్మ ఎదురుగా ఉంది. ఫోను రెండు చేతులతో, పాలగిన్నెలా పట్టుకుని నిలబడింది. నాకు సిగ్గేసింది. పెదనాన్నను రెండు వారాలుగా దొంగ అని తిడుతున్నాను. ఆయనైనా లేని మాటలు పెట్టి ఒక తాతను నిలబెట్టాడు. నేను ఉన్న నానమ్మను లేకుండా చేశాను.

"ఆ మాట మా నానమ్మదండీ" అన్నాను. "మిగతాది నాది. మాట మాత్రం ఆవిడదే."

"అయితే ముందు పేజీలో ఆవిడ పేరు వేద్దాం" అన్నారు మీనాకుమారిగారు.

ఫోన్ పెట్టేశాక నానమ్మకు సంగతి చెప్పాను. ఆవిడ బకెట్ పక్కకు జరిపి కుళాయి కట్టేసింది. నేను కల్పించిన గడపలన్నీ నిజంగా దాటిన మనిషి ఈ ఊళ్లో ఈవిడొక్కతే అనిపించింది. ఏ ప్రసంగానికీ వెళ్లలేదు, ఇది నాది అని ఒక్కసారీ అనలేదు. ఆ భక్తిలో ఒక నిమిషం పాటు ఉన్నాను.

"ఏదీ, నా పేరు ఎలగుంటాదో రాసి సూపించు" అంది నానమ్మ.

చేతులు తుడుచుకుని ఫోన్లో పెద్ద అక్షరాలతో 'పోలమ్మ' అని కొట్టి చూపించాను. ఆవిడ తెర మీద వేలు పెట్టి ఒక్కొక్కటీ లెక్కపెట్టింది.

"మూడేనా? ఇంద ఇంటి తలుపు మీద గిరిగాడికి నాలుగున్నాయి."

"పేరు అంతే నానమ్మా."

"ఆడిని కన్నది నాను. ఇంటిపేరు కూడా ఎయ్యి."

'కోరాడ పోలమ్మ' అని కొట్టాను. మళ్లీ మొదటి నుంచి లెక్కపెట్టింది. ఆరు వచ్చాయి. ఫోన్ నా చేతికి తిరిగి ఇవ్వడానికి చాలాసేపు పట్టింది.